జూడాస్ ప్రీస్ట్ ‘టర్బో’: తప్పు సింథ్‌దా, పాటలదా?

వైజాగ్_స్టీల్ (చర్చ మొదలుపెట్టినవారు)

మొన్న ఇక్కడ 80ల హెవీ మెటల్ ఆల్బమ్‌ల జాబితా వేసుకుంటున్నప్పుడు మళ్లీ అదే జరిగింది. బ్రిటిష్ బ్యాండ్ జూడాస్ ప్రీస్ట్ పేరు రాగానే అందరూ ‘బ్రిటిష్ స్టీల్’, ‘స్క్రీమింగ్ ఫర్ వెంజెన్స్’, ‘డిఫెండర్స్ ఆఫ్ ది ఫెయిత్’ అని రాశారు. నేను ‘టర్బో’ అని రాస్తే నలుగురు వచ్చి “అది మెటలే కాదు, డబ్బుల కోసం చేసిన పాప్” అని కొట్టిపారేశారు. వాళ్లలో ఇద్దరు అసలు పూర్తిగా వినలేదని వాళ్లే చెప్పారు. అందుకే దీన్ని విడిగా చర్చకు పెడుతున్నా.

కొత్తవాళ్ల కోసం రెండు ముక్కలు. ‘టర్బో’ 1986 ఏప్రిల్‌లో వచ్చింది. బహామాస్‌లోని నస్సావులో కంపాస్ పాయింట్ స్టూడియోలో రికార్డ్ చేసి, లాస్ ఏంజెలెస్‌లో మిక్స్ చేశారు. గిటారిస్టులు గ్లెన్ టిప్టన్, కె.కె. డౌనింగ్ ఇద్దరూ గిటార్ సింథసైజర్లు (గిటార్ వాయిస్తే సింథ్ శబ్దం పలికించే యంత్రాలు) పట్టుకున్నారు. నల్ల తోలు, ఇనుప మేకుల వేషం కాస్త తగ్గి రంగులొచ్చాయి, జుట్టు ఎత్తు పెరిగింది. అమెరికా చార్టులో 17వ స్థానం దాకా వెళ్లింది, భారీ అమ్మకాలకు ఇచ్చే ప్లాటినం గుర్తింపు కూడా వచ్చింది. సొంత దేశం బ్రిటన్‌లో మాత్రం 33 దగ్గరే ఆగిపోయింది. అప్పటినుంచీ ఇది “డబ్బుకి అమ్ముడుపోయిన బ్యాండ్ ఆల్బమ్” అనే మాట మోస్తూనే ఉంది.

నా వాదన ఇది. వీళ్లు బయటి నుంచి కీబోర్డ్ ప్లేయర్‌ని తెచ్చుకోలేదు. ఇద్దరు గిటారిస్టులే, గిటార్ మీదే, అప్పటికి ఇంకా కుదురుకోని ఒక యంత్రంతో కొత్త శబ్దం కోసం వెతికారు. ప్రొడ్యూసర్ కూడా కొత్తవాడు కాదు, ‘బ్రిటిష్ స్టీల్’ చేసిన టామ్ అల్లమే. కాబట్టి ఎవరో మెడ మీద కత్తి పెట్టి చేయించారనే కథ నేను నమ్మను. ‘అవుట్ ఇన్ ది కోల్డ్’ ఒక్కసారి చీకట్లో హెడ్‌ఫోన్స్ పెట్టుకుని వినండి. ఆరు నిమిషాలు దాటిన పాట, మొదట్లో ఆ సింథ్ నెమ్మదిగా పైకి లేస్తుంటే ఒళ్లు జలదరిస్తుంది. ఆ ఏడాది టూర్‌లో కచేరీ మొదలుపెట్టింది కూడా దానితోనే. రేడియో కోసం అమ్ముడుపోయిన బ్యాండ్ అంత పొడుగు, అంత నిదానమైన పాటతో స్టేజీ ఎక్కుతుందా?

గుంటూరు_త్రాష్

బ్రదర్, ‘అవుట్ ఇన్ ది కోల్డ్’ మంచి పాట, అందులో గొడవ లేదు. తొమ్మిది పాటల్లో దాన్ని పక్కన పెడితే ఏం మిగిలిందో చూడండి. ‘హాట్ ఫర్ లవ్’. ‘వైల్డ్ నైట్స్, హాట్ అండ్ క్రేజీ డేస్’. ‘రాక్ యు ఆల్ అరౌండ్ ది వరల్డ్’. పేర్లు చదివితేనే లోపల ఏముందో తెలిసిపోతుంది. రెండేళ్ల ముందు ‘డిఫెండర్స్’లో ‘ది సెంటినెల్’ రాసిన బ్యాండ్ ఇది. ‘డిఫెండర్స్’ వినే కుర్రాడికి ప్రతి పాటా ఒక కథలా ఉండేది. ‘టర్బో’లో వాడికి దొరికింది పార్టీ.

ఇక సమయం సంగతి. 1986 మార్చిలో మెటాలికా ‘మాస్టర్ ఆఫ్ పపెట్స్’ వచ్చింది. అక్టోబర్‌లో స్లేయర్ ‘రెయిన్ ఇన్ బ్లడ్’. ఈ కుర్ర మెటల్ బ్యాండ్లకు వేగం నేర్పింది ఎవరు? ప్రీస్టే కదా! 1978లో ‘ఎక్సైటర్’ రాసినవాళ్లు వీళ్లు. శిష్యులు ఆ పని ఇంకో మెట్టు పైకి తీసుకెళ్తున్న ఏడాదిలోనే గురువులు వేగం వదిలేసి అమెరికా కార్ రేడియో వైపు తిరిగారు. అభిమానికి కోపం వచ్చింది అక్కడ, వైర్లూ బటన్లూ చూసి కాదు. ‘డిఫెండర్స్’ బ్రిటన్‌లో 19కి వెళ్లింది, ‘టర్బో’ 33. ఇంట్లోవాళ్లు ఏమనుకున్నారో ఆ రెండు అంకెల్లోనే ఉంది.

ఆరుతీగలు

ఇద్దరూ శబ్దం గురించి మాట్లాడుతున్నారు కానీ ఆ యంత్రం ఎలా పనిచేస్తుందో ఎవరూ చెప్పట్లేదు. నేను చాలా ఏళ్లుగా గిటార్ సింథ్ వాయిస్తున్నాను, అందుకే కాస్త వివరంగా రాస్తా. ఓపిగ్గా చదవండి, ఈ ఆల్బమ్ అలా ఎందుకు వినిపిస్తుందో సగం జవాబు ఇందులో ఉంది.

మామూలు గిటార్ పికప్ (తీగల కంపనాన్ని సిగ్నల్‌గా మార్చే భాగం) ఆరు తీగల శబ్దాన్నీ కలిపి ఒకే సిగ్నల్‌గా ఆంప్‌కి, అంటే శబ్దం పెంచే యంత్రానికి, పంపుతుంది. గిటార్ సింథ్‌కి బ్రిడ్జి (తీగలు ఆనే చోటు) పక్కన ఇంకో పికప్ ఉంటుంది. అది ఒక్కో తీగ నుంచి విడిగా సిగ్నల్ తీసుకుంటుంది. వెనకున్న యంత్రం ఆ తీగ ఏ స్వరంలో మోగుతోందో లెక్కగట్టి, అప్పుడు సింథ్‌తో ఆ స్వరం పలికిస్తుంది. లెక్క కట్టాలంటే కనీసం ఒక పూర్తి కంపనమైనా దానికి వినిపించాలి. అన్నిటికంటే సన్న తీగ సెకనుకు దాదాపు 330 సార్లు కంపిస్తుంది, అంటే ఒక కంపనానికి 3 మిల్లీసెకన్లు. లావు తీగ 82 సార్లే, అంటే 12 మిల్లీసెకన్లు. ఇది కనీసం మాత్రమే. అప్పటి యంత్రాలకి ఇంతకంటే ఎక్కువే పట్టేది. పైగా తీగని అరచేత్తో నొక్కి పామ్ మ్యూట్ చేస్తే స్వరం స్పష్టంగా రాదు, యంత్రం తికమకపడి పక్క స్వరం పలికిస్తుంది.

ఇప్పుడు మెటల్ రిఫ్, అంటే పాటలో పదేపదే వచ్చే గిటార్ ముక్క, దేనితో తయారవుతుంది? లావు తీగ, పామ్ మ్యూట్, వేగం. సరిగ్గా ఆ మూడే గిటార్ సింథ్‌కి పడవు. ‘టర్బో లవర్’ మొదలు వినండి. ఒకే స్వరం మీద సమానంగా కొట్టుకునే నాడిలాంటి తాళం, మధ్యలో తొందర లేదు, ప్రతి దెబ్బా విడిగా, శుభ్రంగా. ఆ యంత్రం ఏది బాగా చేస్తుందో అదే రాశారు. ఆ ఒక్క పాటలో ఇది అద్భుతంగా కుదిరింది, ఎందుకంటే పాట విషయమే ఇంజన్. మిగతా పాటల్లోనూ రిఫ్‌లు అదే కొలతకు కుదించుకుపోయాయి, అక్కడ మాత్రం అందుకు కారణం కనిపించదు. వైజాగ్ అన్న చెప్పిన “వెతుకులాట” నిజమే అనుకుంటా. కానీ వెతికినవాళ్లు దొరికిన మొదటి మూడు నాలుగు శబ్దాల దగ్గరే ఆగిపోయారని నాకనిపిస్తుంది.

ఎడ్డీ_అభిమాని

అన్నా, మీరు చెప్పినదానికి పక్కా ఉదాహరణ అదే ఏడాదిలో ఉంది. 1986 సెప్టెంబర్ చివర్లో ఇంకో బ్రిటిష్ మెటల్ బ్యాండ్ ఐరన్ మెయిడెన్ ఆల్బమ్ ‘సమ్‌వేర్ ఇన్ టైమ్’ వచ్చింది. అదీ గిటార్ సింథే. బేస్, డ్రమ్స్ రికార్డ్ చేసింది కూడా నస్సావులోని అదే కంపాస్ పాయింట్‌లో! గిటార్లు, గొంతు నెదర్లాండ్స్‌లోని హిల్వర్సమ్‌లో చేశారు. బ్రిటన్‌లో 3వ స్థానం. ఒకే తరం బ్యాండ్లు, ఒకే ఏడాది, ఒకే రకం పరికరం. ఒకరిని ద్రోహులన్నారు, ఇంకొకరిని నెత్తిన పెట్టుకున్నారు. అంటే జనానికి సింథ్ మీద కోపం లేదని తేలిపోయినట్టే కదా?

తేడా ఎక్కడంటే, మెయిడెన్ దగ్గర రిఫ్‌లు మామూలు గిటార్లతోనే పరిగెత్తుతాయి, సింథ్ పైన పోపులా పడుతుంది. ప్రీస్ట్ దగ్గర చాలాచోట్ల అదే కూర అయింది. ‘కాట్ సమ్‌వేర్ ఇన్ టైమ్’ నుంచి సింథ్ పొర తీసేయండి, పాట నిలబడుతుంది. ‘టర్బో లవర్’ నుంచి తీసేస్తే ఏం మిగులుతుంది?

ఇంకోటి, విషయం. మెయిడెన్ వాళ్లు కాలం గురించి రాశారు, అలెగ్జాండర్ చక్రవర్తి మీద ఎనిమిది నిమిషాలు దాటిన పాట పెట్టారు. పాత అభిమాని తన బ్యాండ్‌ని గుర్తుపట్టగలిగాడు. 2008 ఫిబ్రవరిలో ‘సమ్‌వేర్ బ్యాక్ ఇన్ టైమ్’ టూర్ మన ముంబైలోనే మొదలైంది. మా బ్యాచ్ హైదరాబాద్ నుంచి రైలెక్కి వెళ్లాం. 80ల పాటలు వింటూ పక్కన ఏడ్చినవాళ్లని చూశాను. ఆ దశాబ్దంలో మెయిడెన్ ఏ శబ్దం మార్చినా అభిమాని చెయ్యి వదల్లేదు.

వైజాగ్_స్టీల్

బ్రదర్, ‘టర్బో లవర్’ నుంచి సింథ్ తీసేస్తే ఏం మిగులుతుంది అనే ప్రశ్నే అన్యాయం. పాట పుట్టిందే ఆ శబ్దంలోంచి. ‘సమ్‌వేర్ ఇన్ టైమ్’లో సింథ్ తీసేసినా పాట నిలబడుతుందంటే, అక్కడ అది లేకపోయినా నడిచేదని మీరే ఒప్పుకున్నట్టు. పరికరాన్ని పాట ప్రాణంగా చేసినవాళ్లు ఎక్కువ రిస్క్ తీసుకున్నారా, అలంకారంగా వాడినవాళ్లా? నేను మెయిడెన్‌ని తక్కువ చేయట్లేదు, ఆ ఆల్బమ్ నాకూ ఇష్టమే. కానీ సురక్షితంగా వాడారు కాబట్టి మెచ్చుకుంటున్నామనే విషయం దాచొద్దు.

టెక్సాస్_తెలుగు

నేను ఎక్కువగా చదివి వెళ్లిపోయేదాన్నే, కానీ “పార్టీ పాటలు” అన్న మాట దగ్గర ఆగాల్సి వచ్చింది. గుంటూరు గారూ, ‘టర్బో’లోని ‘పేరెంటల్ గైడెన్స్’ పాట ఎందుకు పుట్టిందో మీకు తెలిసే ఉంటుంది, మిగతావాళ్ల కోసం చెబుతాను.

1985లో అమెరికాలో టిప్పర్ గోర్, ఇంకొందరు రాజకీయ నాయకుల భార్యలు కలిసి పీఎంఆర్‌సీ అనే సంస్థ పెట్టారు. పిల్లలు వినకూడదంటూ పదిహేను పాటల జాబితా విడుదల చేశారు. అందులో మూడోది ప్రీస్ట్ పాట, ‘డిఫెండర్స్’లోని ‘ఈట్ మీ అలైవ్’. ఆ సెప్టెంబర్‌లో సెనేట్ కమిటీ ముందు విచారణ కూడా జరిగింది. సీడీల మీద, క్యాసెట్ల మీద మనం చూసే ఆ నలుపు తెలుపు హెచ్చరిక స్టిక్కర్ ఆ గొడవలోంచి వచ్చిందే. ‘పేరెంటల్ గైడెన్స్’ దానికి జవాబు. “నన్ను నా మానాన బతకనివ్వండి” అని తల్లిదండ్రులతో అనే పిల్లల గొంతులో పాడారు. మీకు అది పార్టీ పాటగా వినిపించవచ్చు. ఇంట్లో ఏం వినాలో, ఏం కట్టుకోవాలో, ఎక్కడికి వెళ్లాలో వేరేవాళ్లు నిర్ణయించే వయసులో నేను అది విన్నాను. నాకు ‘ది సెంటినెల్’ కంటే అదే అవసరమైంది. మెటల్ అంటే కత్తులూ రాక్షసులూ ఉండాలనే నియమం నేను ఒప్పుకోను.

ఇంకో సంగతి. ప్రీస్ట్ గాయకుడు రాబ్ హాల్ఫర్డ్ 1986 జనవరిలో మద్యం మానేశారు. ఆ టూర్ ఆయన మత్తు లేకుండా చేసిన మొదటి టూర్. ఆ ఏడాది జూన్‌లో అట్లాంటా, డల్లాస్‌లలో రికార్డ్ చేసినవే 1987లో ‘ప్రీస్ట్... లైవ్!’గా వచ్చాయి. ఆ గొంతు వినండి. ‘టర్బో’ మీద అభిప్రాయం చెప్పేముందు అందులోని లైవ్ పాటలు వినడం కనీస న్యాయం అనుకుంటాను.

నేను ఇక్కడ వాళ్ల కచేరీకి వెళ్లాను. ‘టర్బో లవర్’ మొదలవగానే తెల్లజుట్టు మామయ్యల నుంచి ఇరవై ఏళ్ల పిల్లల దాకా అందరూ లేచారు. ఆల్బమ్ వచ్చిన ఎన్నో ఏళ్ల తర్వాత కూడా ఆ పాట వాళ్ల కచేరీల్లో వినిపించింది.

గుంటూరు_త్రాష్

మేడమ్, మీరు చెప్పిన అనుభవాన్ని కాదనను. కానీ అదే పీఎంఆర్‌సీ విచారణలో ట్విస్టెడ్ సిస్టర్ బ్యాండ్ గాయకుడు డీ స్నైడర్ సెనేటర్ల ముందు కూర్చుని, తన పాటకు వాళ్లు తీసిన తప్పుడు అర్థాన్ని ఒక్కొక్కటిగా ఖండించాడు. సంగీతకారులు ఫ్రాంక్ జప్పా, జాన్ డెన్వర్ కూడా వచ్చి మాట్లాడారు. అంత పెద్ద యుద్ధం జరుగుతుంటే ప్రీస్ట్ లాంటి బ్యాండ్ నుంచి నేను ఆశించింది ఇంకా పదునైన జవాబు. ‘పేరెంటల్ గైడెన్స్’ కోరస్ వింటే ఎవరికీ భయం వేయదు. సెన్సార్ చేసేవాళ్లకి అసలు వేయదు.

హార్మోనియం_పెట్టె

రాక్ అభిమానులకు ఈ పరికరాల పట్టింపు ఎందుకో నాకు ఎప్పుడూ అర్థం కాదు. బ్రిటిష్ రాక్ బ్యాండ్ క్వీన్ వాళ్లు 70ల ఆల్బమ్ కవర్ల మీద “సింథసైజర్లు వాడలేదు” అని రాసుకునేవారు. 1980లో ‘ది గేమ్’లో వాడారు, 82లో ‘హాట్ స్పేస్’తో డిస్కో వైపు వెళ్లి తిట్లు తిన్నారు. ప్రీస్ట్‌కి ముందే అక్కడి రాక్ బ్యాండ్లు జెడ్‌జెడ్ టాప్ 1983లో, వాన్ హేలెన్ 1984లో సింథ్‌తో అమెరికాని ఊపేశారు. మన దగ్గర 1986లో ఇళయరాజా గారు సినిమా పాటలకు కంప్యూటర్ సీక్వెన్సర్ (స్వరాలను ముందే నింపి యంత్రంతో వాయించే పరికరం) వాడితే జనం నోరెళ్లబెట్టి విన్నారు, వీణకు ద్రోహం చేశారని ఎవరూ అనలేదు. పాట బాగుందా లేదా, అంతే కదా?

ఆరుతీగలు

హార్మోనియం గారూ, సినిమా సంగీతం మొదటినుంచీ ఏ వాయిద్యాన్నైనా కలుపుకుంటుంది. సన్నివేశానికి ఏది కావాలంటే అది. మెటల్ అలా పుట్టలేదు. ఇంగ్లండ్‌లోని బర్మింగ్‌హామ్ చుట్టుపక్కల ఫ్యాక్టరీల మధ్య, చేతితో కొట్టే తీగ, దాన్ని పగిలిపోయేంతగా పెంచే ఆంప్, ఈ రెంటి మీదే అది నిలబడింది. గిటార్ దాని గుర్తింపు. అది మారితే అభిమాని ఉలిక్కిపడడం మొండితనం కాదు. అలా ఉలిక్కిపడ్డాక వినడం మానేస్తేనే సమస్య.

జెడ్‌జెడ్ టాప్ ఉదాహరణ మాత్రం బాగా తెచ్చారు. వాళ్ల 1983 ఆల్బమ్ ‘ఎలిమినేటర్’లో యంత్రం తాళం కొడుతుంది, పైన బిల్లీ గిబ్బన్స్ గిటార్ మాత్రం పాత బ్లూస్ మురికితోనే మోగుతుంది. యంత్రం ఒకవైపు, మనిషి ఒకవైపు. ‘టర్బో’లో గిటార్ కూడా యంత్రంలా నున్నగా అయిపోయింది, డ్రమ్స్ ముందే బిగుసుకుని ఉన్నాయి. నాకు అందులో లోటు అదే, ఎక్కడా గరుకు దొరకదు. సోలోల్లో, అంటే గిటార్ ముందుకొచ్చి ఒంటరిగా మోగే చోట్ల, తప్ప. ‘రెక్‌లెస్’ సోలో వినండి, టిప్టన్ ఒక్కసారిగా బతికొస్తాడు.

వైజాగ్_స్టీల్

‘రెక్‌లెస్’ పేరెత్తారు కాబట్టి “డబ్బుల కోసం” అనే ఆరోపణకి ఇక్కడే జవాబు చెబుతా. ‘టాప్ గన్’ సినిమా వాళ్లు ఆ పాట అడిగారు. ప్రీస్ట్ ఇవ్వలేదు. సినిమా పెద్దగా ఆడదని అనుకున్నామని బ్యాండ్ వాళ్లే తర్వాత చెప్పారు. ఆ సినిమా, దాని పాటల రికార్డు ఎంత అమ్ముడయ్యాయో ప్రపంచానికి తెలుసు. అమ్ముడుపోవడానికే కూర్చున్న బ్యాండ్ హాలీవుడ్ తలుపు తడితే తీయకుండా ఉంటుందా?

రెండోది, ఇది ఇంకా ముఖ్యం. మనం వింటున్న ‘టర్బో’ వాళ్లు అనుకున్న ఆల్బమ్ కాదు. ‘ట్విన్ టర్బోస్’ పేరుతో రెండు రికార్డుల సెట్‌గా ప్లాన్ చేశారు. రికార్డు కంపెనీ ఒప్పుకోలేదు. తేలిగ్గా రేడియోకి ఎక్కే పాటలు ఈ రికార్డులోకి వచ్చాయి, మిగిలినవాటిలో కొన్ని 1988లో ‘రామ్ ఇట్ డౌన్’లోకి వెళ్లాయి. ఆ ఆల్బమ్ టైటిల్ పాట ఎంత వేగంగా ఉంటుందో గుంటూరు బ్రదర్‌కి నేను చెప్పక్కర్లేదు. ఆ పాట ‘టర్బో లవర్’ పక్కనే 1986లో వచ్చి ఉంటే, ఒకవైపు సింథ్, ఇంకోవైపు ఉక్కు, ఈ గొడవే ఉండేది కాదు. సగం కోసి ఇచ్చిన పనిని చూసి మనిషిని అంచనా వేస్తున్నాం.

గుంటూరు_త్రాష్

ఈ పాయింట్ బలంగా ఉంది. కానీ ఇది నా వాదనకే పనికొస్తుంది. బరువైన పాటలు చేతిలో ఉండి కూడా బయటికి వదలాల్సి వచ్చినప్పుడు ఏవి ఎంచుకున్నారు? తేలికైనవి. కంపెనీ రెండు రికార్డులు వద్దంది కానీ, ‘హాట్ ఫర్ లవ్’ ఉంచి ‘రామ్ ఇట్ డౌన్’ దాచమని చెప్పిందనుకోను. ‘టాప్ గన్’ సంగతికొస్తే, సినిమా ఆడదనుకుని వద్దనడం వ్యాపారం లెక్క తప్పడమే, విలువల కోసం వద్దనడం కాదు.

1990లో స్కాట్ ట్రావిస్ డ్రమ్స్ మీద కూర్చున్నాక ‘పెయిన్‌కిల్లర్’ చేశారు. సింథ్ వదిలి ఇంటికి తిరిగొచ్చారు. ‘టర్బో’ మీద వాళ్ల సొంత తీర్పు అదే.

టెక్సాస్_తెలుగు

‘పెయిన్‌కిల్లర్’లో కీబోర్డులు ఉన్నాయండి. డాన్ ఎయిరీ వాయించారు. ‘ఎ టచ్ ఆఫ్ ఈవిల్’ వినండి, ఆ పాటలో చీకటంతా అక్కణ్నుంచే వస్తుంది. 2008లో ‘నాస్ట్రడామస్’లో ఆయన్నే మళ్లీ పిలిచారు, గిటార్ సింథ్‌లు కూడా మళ్లీ బయటికి తీశారు. 2017లో ‘టర్బో’ ముప్పై ఏళ్ల ఎడిషన్‌కి 1986 కాన్సాస్ సిటీ కచేరీ మొత్తం జతచేసి తెచ్చారు. సిగ్గుపడే ఆల్బమ్‌కి ఎవరూ అంత చేయరు.

గుంటూరు_త్రాష్

‘ఎ టచ్ ఆఫ్ ఈవిల్’ ఒప్పుకుంటా, గొప్ప పాట. కానీ అక్కడ కీబోర్డ్ ఒక పాటకి చీకటి తెచ్చింది, రిఫ్ జోలికి పోలేదు. ఆరుతీగలు అన్న చెప్పిందీ అదే కదా. నా వరకు ‘టర్బో’లో రెండు పాటలు ఉంటాయి, ‘టర్బో లవర్’, ‘అవుట్ ఇన్ ది కోల్డ్’. మూడోది ఎవరైనా వాదించి ఒప్పించండి, వింటా.

ఆరుతీగలు

‘లాక్డ్ ఇన్’. సోలో ముందు రెండు గిటార్లు ఒకదానికొకటి జవాబిచ్చుకునే చోటు నుంచి వినండి. పాట మొత్తం కాదు, ఆ భాగం. స్టూడియోదీ, లైవ్‌దీ రెండూ వినండి, తర్వాత మాట్లాడదాం.